చరిత్ర, కథ: నాకు తరచూ ఎదురయ్యే అపోహలు

పాత రికార్డులు చదవడం, పెద్దవాళ్ల జ్ఞాపకాలు వాళ్ల గొంతులోనే రికార్డు చేసి కాగితం మీద పెట్టడం నా పని. ఈ పనిలో ఉండగా ఉండగా నాకంటూ ఒక సిద్ధాంతం తయారైంది. ‘గాడి సిద్ధాంతం’ అని పేరు కూడా నేనే పెట్టుకున్నాను, పుస్తకాల్లో వెతికితే దొరకదు. విషయం ఇంతే: ఏదైనా పెద్ద సంఘటన జరిగితే అది అప్పటికే జనం నోళ్లలో నానుతున్న ఏదో ఒక కథ గాడిలో పడుతుంది. ఆ గాడిలో ఇమిడిన ముక్కలు నిలబడి రాతకెక్కుతాయి. ఇమడనివి రాలిపోతాయి, అవి అబద్ధాలని కాదు, చెప్పుకోవడానికి వీలుగా ఉండవని. మీరు ఒప్పుకోకపోయినా పర్లేదు, ఉదాహరణలు చూసి మాట్లాడుకుందాం.

అపోహ: ముందు జరిగింది జరిగినట్టు రాస్తారు, కథలు తర్వాతెప్పుడో వచ్చి అంటుకుంటాయి.

వాస్తవం: చాలాసార్లు కథే ముందు. విజయనగరం ఎలా పుట్టిందంటే ఏం చెబుతారు? రాజు వేటకెళ్లాడు, కుందేలు వేటకుక్కల మీద తిరగబడింది, ఈ నేలలో ఏదో మహిమ ఉందని అక్కడే నగరం కట్టించాడు. బాగుంది. మరి 1411లో కట్టిన అహ్మదాబాద్‌కీ సరిగ్గా ఇదే కుందేలు, ఇవే కుక్కలు! రెండు చోట్లా కుందేళ్లు అంత ధైర్యం చేశాయని నమ్మడం కన్నా, రాజధాని పుట్టుక చెప్పడానికి ఒక గాడి సిద్ధంగా ఉందనుకోవడమే నాకు సులువు.

పల్నాటి యుద్ధం ఇంకా గట్టి ఉదాహరణ. యుద్ధం 12వ శతాబ్దంలో జరిగిందంటారు, శ్రీనాథుడు దాన్ని ద్విపదలో పెట్టింది 15వ శతాబ్దంలో. మధ్యలో రెండు వందల ఏళ్లకు పైనే. ఇప్పుడు కథ వరస చూడండి. దాయాదుల మధ్య రాజ్యం పంపకం, మోసంతో ఓడిపోయిన పందెం, ఏడేళ్ల వనవాసం, గడువు తీరాక రాయబారం, అది చెడితే యుద్ధం, అందులో నూనూగు మీసాల బాలచంద్రుడి మరణం. జూదం బదులు కోడిపందెం, కృష్ణుడి చోట బ్రహ్మనాయుడు, అభిమన్యుడి చోట బాలచంద్రుడు. భారతం వింటూ పెరిగిన జనానికి దాయాదుల పోరు చెప్పుకోవడానికి అంతకన్నా అనువైన అచ్చు ఎక్కడ దొరుకుతుంది? అలాగని యుద్ధమే జరగలేదని ఎగరేయకండి, నేనంటున్నది అది కాదు. గాడికి సరిపోని ముక్కల కోసం వెతకమంటున్నాను. రాయబారానికి వెళ్లిన అలరాజుకు విషం పెట్టి చంపారనే ముక్క ఉంది చూడండి, భారతంలో దానికి జోడీ లేదు. కృష్ణుణ్ణి బంధించబోయారు గానీ చంపలేదు కదా. అచ్చులో పట్టకపోయినా మిగిలిందంటే దాని వెనక ఏదో బలమైన జ్ఞాపకం ఉండి ఉంటుందని నా అనుమానం. రుజువు అని మాత్రం అనను.

అపోహ: చరిత్ర రాసేది గెలిచినవాళ్లే.

వాస్తవం: ఈ మాట వినీ వినీ విసుగొచ్చింది. ప్రాచీన గ్రీసులో ఏథెన్స్, స్పార్టాల మధ్య జరిగిన పెలొపొనీసియన్ యుద్ధం గురించి ఇవాళ్టికీ అందరూ చదివేది తూసిడిడీస్ అనే చరిత్రకారుడు రాసిందే. ఆయనది ఓడిన ఏథెన్స్, పైగా సైన్యాధిపతిగా విఫలమయ్యాడని సొంత ఊరే వెళ్లగొట్టింది. ఇక క్రీ.పూ. 1274 ప్రాంతంలో కాదేష్ అనే ఊరి కోసం ఈజిప్టుకూ, ఇప్పటి టర్కీ ప్రాంతాన్ని ఏలిన హిట్టైట్లకూ జరిగిన యుద్ధంలో అసలు ఎవరూ తేల్చి గెలవలేదు. ఈజిప్టు రాజు రెండవ రామ్సెస్ మాత్రం సైన్యం చెదిరిపోతే తానొక్కడే రథమెక్కి శత్రువులను చీల్చి చెండాడానని గుడి గోడల నిండా చెక్కించుకున్నాడు. యుద్ధం తర్వాత కాదేష్ హిట్టైట్ల చేతిలోనే ఉండిపోయింది, ఆ సంగతి గోడల మీద కనిపించదు. 1906లో మొదలైన తవ్వకాల్లో హిట్టైట్ల మట్టిపలకలు బయటపడేదాకా మూడు వేల ఏళ్లు రామ్సెస్ మాటే చెల్లింది. అంటే మాట చెల్లాలంటే గెలవాల్సిన పని లేదు. ఒంటరి వీరుడి గాడి, చెరిగిపోని రాయి ఉంటే చాలు.

అపోహ: రాతలో ఉన్నది చరిత్ర, నోటిమాట పుక్కిటి పురాణం.

వాస్తవం: ఉత్తర అమెరికా పశ్చిమ తీరపు ఆదివాసులు ఉరుముల పక్షికీ తిమింగలానికీ జరిగిన పోరు గురించి, నేల కంపించి సముద్రం ఊళ్లను మింగిన శీతాకాలపు రాత్రి గురించి తరతరాలుగా చెప్పుకునేవాళ్లు. తేదీ లేదు, కాబట్టి ఎవరూ లెక్కచేయలేదు. అటు జపాన్‌లో 1700 జనవరిలో భూకంపమేమీ లేకుండానే సునామీ వచ్చిందని గుమాస్తాలు రాసిపెట్టారు. 1990లలో ఈ రెండూ, అమెరికా తీరంలో చచ్చి నిలబడిపోయిన దేవదారు చెట్ల వలయాలూ (చెట్టు ఎప్పుడు చచ్చిందో చెప్పేవి అవే) కలిపి చూస్తే లెక్క కుదిరింది: 1700 జనవరి 26 రాత్రి, అమెరికా తీరంలో మహా భూకంపం. జపాన్ రాతలో తేదీ ఉంది, కారణం లేదు. ఆదివాసుల కథలో కంపించిన నేల ఉంది, తేదీ లేదు. పక్షి, తిమింగలం గాడి అని కొట్టిపారేసి ఉంటే లోపలున్న భూకంపం కూడా పోయేదే.

అపోహ: కళ్లారా చూసినవాళ్లు చెబితే ఇక తిరుగులేదు.

వాస్తవం: 1912లో టైటానిక్ మునుగుతూ రెండు ముక్కలైందని బతికి బయటపడ్డవాళ్లలో కొందరు చెప్పారు, కాదు నిండుగానే మునిగిందని ఓడ అధికారి చెప్పాడు. విచారణ జరిపినవాళ్లు ఆ ఓడ అధికారి మాటే పట్టుకున్నారు. 1985లో సముద్రం అడుగున ఓడ దొరికితే రెండు ముక్కలుగానే ఉంది. అందరూ సాక్షులే మరి!

నా పనిలో ఇది రోజూ ఉండేదే. ఒక సంఘటనను పదిమందికీ చెప్పి చెప్పి ఉన్న మనిషి ఎదురుగా కూర్చుంటే ఇట్టే తెలిసిపోతుంది. ప్రతిసారీ అదే చోట ఆగుతారు, అదే చోట గొంతు తగ్గిస్తారు. అడ్డుపడటం మర్యాద కాదు గానీ నేను అడ్డుపడతాను: “అప్పుడు మీ కాళ్లకి చెప్పులున్నాయా?” ఆ కథలో ఈ ప్రశ్నకు జవాబు ఉండదు. కాసేపు చూరుకేసి చూసి, “ఒకటే ఉంది... ఆగండి, తలుపు మా అన్న కదా తీసింది” అంటారు. అప్పటిదాకా ఆ కథలో అన్న అనేవాడే లేడు. అక్కణ్ణుంచి మాటలు తడబడతాయి, ముందువెనకలవుతాయి, నేను పెన్ను పట్టుకునేది అప్పుడే. అవి కూడా తప్పు కావచ్చు, కానీ కనీసం అరిగిపోయిన మాటలు కావు.

అపోహ: కథ అని తేలిపోతే పక్కన పడేయాలి.

వాస్తవం: పడేయకండి, తేదీ మార్చి చదవండి. అమెరికా స్వాతంత్ర్య యుద్ధం మొదలవబోతున్న 1775 ఏప్రిల్ 18 రాత్రి పాల్ రివీర్ అనే అతను గుర్రమెక్కి కాంకర్డ్ అనే ఊరి దాకా వెళ్లి బ్రిటిష్ సైన్యం వస్తోందని హెచ్చరించాడని అమెరికా కవి లాంగ్‌ఫెలో పద్యం చెబుతుంది. నిజానికి రివీర్ దారిలోనే పట్టుబడ్డాడు, కాంకర్డ్ చేరింది ప్రెస్కాట్ అనే డాక్టరు. పద్యం రాసింది 1860లో, అచ్చయింది ఒక పత్రిక 1861 జనవరి సంచికలో. అప్పటికే దక్షిణ రాష్ట్రాలు విడిపోవడం మొదలుపెట్టాయి, దేశం అంతర్యుద్ధం అంచున ఉంది. కాబట్టి నేను దాన్ని 1775 ఫైల్లోంచి తీసి 1860 ఫైల్లో పెడతాను. అక్కడ అది మొదటి రకం ఆధారం, అంటే ఆ కాలం మనిషే వదిలివెళ్లిన సాక్ష్యం.