చీటీ ఇస్తేనే రన్నర్ ఆగుతుంది

దర్జీకి బట్ట ఇస్తే అక్కడికక్కడే కుట్టి చేతిలో పెట్టడు. చీటీ రాసిచ్చి ఫలానా రోజు రమ్మంటాడు. ఆలస్యమయ్యే పని కోసం పిలిచినవారిని కట్టిపడేయని కోడ్ భాగం, అంటే ఎసింక్ మెథడ్, చేసేదీ అదే. పిలవగానే మొదటి అవెయిట్ (ఈ పని ముగిశాకే ముందుకెళ్లు అనే మాట) దాకా నడుస్తుంది. అక్కడ పని ఇంకా తెమలకపోతే పిలిచినవారికి ఒక చీటీ ఇచ్చి పంపేస్తుంది. సీ షార్ప్‌లో ఆ చీటీ పేరు టాస్క్, జావాస్క్రిప్ట్‌లో ప్రామిస్. మెథడ్ లోపల ఏం మిగిలి ఉందో చూసే కన్ను టెస్ట్ రన్నర్‌కు (టెస్టులను నడిపి ఫలితం చెప్పే ప్రోగ్రామ్‌కు) లేదు, చేతికొచ్చిన చీటీ ఒక్కటే దానికి ఆధారం.

ఒక టెస్టును దగ్గర నుంచి చూద్దాం. అది డేటాబేస్ నుంచి ఖాతా నిల్వను అవెయిట్‌తో చదివి, 500 ఉందో లేదో అసర్ట్ చేస్తుంది, అంటే సరిచూసి తేడా ఉంటే ఫెయిల్ అంటుంది. చదవడానికి 200 మిల్లీసెకన్లు పడుతుందనుకోండి. ఖాతాలో నిజానికి ఉన్నది 400, కాబట్టి టెస్టు ఫెయిల్ కావాలి. సీ షార్ప్ టెస్ట్ ఫ్రేమ్‌వర్క్ ఎన్‌యూనిట్ ఈ మెథడ్‌ను రిఫ్లెక్షన్‌తో (ప్రోగ్రామ్ నడుస్తుండగానే వెతికి పట్టుకునే పద్ధతితో) పిలిచి, తిరిగొచ్చింది టాస్క్ అయితే అది పూర్తయ్యేదాకా ఆగుతుంది. అసర్ట్ విసిరిన ఎక్సెప్షన్ (లోపం కబురు) ఆ టాస్క్‌లోనే భద్రంగా ఉంటుంది. రన్నర్ దాన్ని బయటికి తీసి టెస్టుకు ఎరుపు రంగు వేస్తుంది.

ఇదే మెథడ్‌ను ఎసింక్ వాయిడ్‌గా, అంటే ఏమీ తిరిగివ్వనిదిగా, రాశారనుకోండి. చీటీ లేదు. ఏ ఏర్పాటూ లేని రన్నర్‌కు పని ముగిసినట్టే కనిపిస్తుంది. పచ్చ రంగు వేసి తర్వాతి టెస్టుకు వెళ్లిపోతుంది. 200 మిల్లీసెకన్ల తర్వాత ఎక్సెప్షన్ లేస్తుంది కానీ పట్టుకునేవారు ఉండరు. మిగిలిన పని ఎక్కడ నడవాలో చూసుకునే సింక్రొనైజేషన్ కాంటెక్స్ట్ లేకపోతే అది థ్రెడ్ పూల్ (పనుల కోసం సిద్ధంగా ఉంచే థ్రెడ్ల గుంపు) మీద పేలి టెస్ట్ ప్రాసెస్ మొత్తాన్నీ కూలుస్తుంది. ఆ క్షణాన నడుస్తున్న టెస్టు వేరొకటి, నింద దాని మీద పడుతుంది. గంటల తరబడి తప్పు చోట వెతికించే రకం లోపం ఇది.

చీటీ లేని పనిని కూడా కనిపెట్టే ఉపాయం ఒకటుంది. 2012లో సీ షార్ప్ 5తో ఎసింక్, అవెయిట్ వచ్చినప్పటి నుంచీ, ఎసింక్ వాయిడ్ మెథడ్ మొదలవగానే అప్పటి సింక్రొనైజేషన్ కాంటెక్స్ట్‌కు ‘ఆపరేషన్ స్టార్టెడ్’ అని, ముగియగానే ‘ఆపరేషన్ కంప్లీటెడ్’ అని కబురు వెళుతుంది. ఫ్రేమ్‌వర్క్ ముందుగానే తన సొంత కాంటెక్స్ట్‌ను పెట్టి, మొదటి కబురుకు లెక్కను ఒకటి పెంచుతుంది, రెండోదానికి ఒకటి తగ్గిస్తుంది, సున్నా అయ్యేదాకా ఆగుతుంది. ఎక్సెప్షన్ కూడా ఆ కాంటెక్స్ట్‌కే చేరుతుంది. తెలివైన ఏర్పాటే. అయినా ఎన్‌యూనిట్ 3 దీన్ని వదిలేసి, ఎసింక్ వాయిడ్ టెస్టును నడపకుండానే చెల్లదని తిప్పికొడుతోంది. అదే సరైన నిర్ణయం. వాయిడ్ అన్న చోట టాస్క్ అని రాస్తే తీరిపోయే దానికి ఇంత యంత్రాంగం అక్కర్లేదు.

పైథాన్‌లో పరిస్థితి ఇంకా విచిత్రం. అక్కడ ఎసింక్ ఫంక్షన్‌ను పిలిస్తే ఒక్క లైనూ నడవదు, కొరుటీన్ వస్తువు (ఇంకా మొదలుకాని పని) మాత్రం చేతికొస్తుంది. పైథాన్‌తోనే వచ్చే మామూలు యూనిట్‌టెస్ట్ క్లాస్ దాన్ని పక్కన పడేసి పాస్ అంటుంది. కొరుటీన్‌ను ఎవరూ అవెయిట్ చేయలేదన్న వార్నింగ్ ఒకటి వస్తుంది, లాగ్‌లో దాన్ని చూసేవారు తక్కువ. ఈ లోటు తీర్చడానికే 2019లో పైథాన్ 3.8తో ఐసోలేటెడ్ ఎసింక్‌ఐఓ టెస్ట్‌కేస్ వచ్చింది. అది ఈవెంట్ లూప్‌ను (ఎసింక్ పనులను ముందుకు నడిపే చక్రాన్ని) నడిపి కొరుటీన్‌ను పూర్తి చేయిస్తుంది.

రన్నర్ ఎంతసేపు ఆగుతుంది? జావాస్క్రిప్ట్ టెస్ట్ రన్నర్లలో డిఫాల్ట్‌గా మోకా 2 సెకన్లు, జెస్ట్ 5 సెకన్లు. గడువు దాటితే రన్నర్ ఆగడం మానేస్తుందే తప్ప లోపలి పనిని చంపదు. అది అలాగే సాగి తర్వాతి టెస్టు డేటాను చెరపవచ్చు. అందుకే టైమవుట్ అయిన టెస్టు వెంటే వచ్చిన ఫెయిల్యూర్‌ను వెంటనే నమ్మకండి. గడువు పెంచడం, మధ్యలో రెండు సెకన్ల స్లీప్ పెట్టడం మందులు కావు. బిల్డ్ మెషీన్ మీద భారం పెరిగిన రోజు ఆ రెండు సెకన్లూ చాలవు. పని ముగిసినట్టు తెలిపే టాస్క్‌నో ప్రామిస్‌నో కోడే బయటికి ఇచ్చేలా రాయాలి.

టాస్క్ తిరిగిచ్చే టెస్టులోనూ మధ్యలో ఒక అవెయిట్ మరిచిపోతే లోపలి చీటీ జారిపోతుంది. ఎక్కువగా జారేది, ఎక్సెప్షన్ వస్తుందో లేదో పరీక్షించే త్రోస్‌ఎసింక్ దగ్గర. ఎన్‌యూనిట్ 3లో అది తనంతట తానే ఆగి ఎక్సెప్షన్‌ను ఇస్తుంది. మరో సీ షార్ప్ టెస్ట్ ఫ్రేమ్‌వర్క్ ఎక్స్‌యూనిట్‌లో మాత్రం టాస్క్ ఇస్తుంది కాబట్టి అవెయిట్ తప్పనిసరి. ఒకదాని నుంచి మరోదానికి మారేవారు ఇక్కడే దెబ్బతింటారు. ఎసింక్ మెథడ్‌లో ఇలా వదిలేస్తే కంపైలర్ సీఎస్ 4014 వార్నింగ్ ఇస్తుంది. ప్రాజెక్ట్ సెట్టింగుల్లో దాన్ని ఎర్రర్‌గా మార్చుకోండి. కొత్త ఎసింక్ టెస్టు రాసిన ప్రతిసారీ ఆశించే విలువను కావాలని తప్పుగా, 500 బదులు 501 అని మార్చి ఒకసారి నడపండి. అప్పటికీ పచ్చగానే ఉంటే, చీటీ ఎక్కడ జారిందో లైను లైనుగా వెతకాల్సిందే.