అత్తగారి వయసెంత?

చిరంజీవులు పిల్లలందరికీ అమ్మమ్మ ఆశీస్సులు.

సినిమాల్లో అమ్మలు హీరోలకి అక్కల్లా ఉంటారేం అని మొన్న అడిగారు. ఫోన్లో చెప్తే సగం విని పెట్టేస్తారు, అందుకే ఈ ఉత్తరం.

మీ అనుమానం నిజమే. 2015లో ‘బాహుబలి’ వచ్చేనాటికి రమ్యకృష్ణకి 44 ఏళ్లు, ప్రభాస్‌కి 35. పైగా ఆవిడ వేసిన శివగామి ఒక ప్రభాస్‌ని పెంచిన తల్లి, ఇంకో ప్రభాస్‌కి నాయనమ్మ! ఇదేం కొత్త వింత కాదు. 1962లో ‘గుండమ్మ కథ’లో ఎన్టీఆర్‌కి అత్తగారిగా వేసిన సూర్యకాంతం ఆయనకంటే దాదాపు ఏడాదిన్నర చిన్న. అప్పటికి ఆవిడకి 37 ఏళ్లే.

ఎడమ చెయ్యి తిప్పుతూ ఆవిడ విరుచుకుపడితే హాల్లో జనం తిట్టుకుంటూనే నవ్వేవాళ్లు. ఎన్టీఆర్, ఏఎన్నార్, సావిత్రి, జమున అంతమంది ఉండగా సినిమాకి పెట్టింది మాత్రం ఆవిడ పాత్ర పేరు. ఆ గుండమ్మకి ఇల్లుంది, డబ్బుంది, నోరుంది, కూతురికి గొప్పింటి సంబంధం తేవాలన్న పంతముంది. అయితే ఆవిడ పొగరు అణిగితే గానీ కథ కంచికి వెళ్లదు. అక్కడే నాకు పేచీ.

1971లో ‘ప్రేమనగర్’లో ఏఎన్నార్ పక్కన హీరోయిన్‌గా వేసిన వాణిశ్రీ, 1989కల్లా ‘అత్తకు యముడు అమ్మాయికి మొగుడు’లో చిరంజీవికి అత్తగారు. ఆస్తీ హోదా ఉన్న ఆడమనిషి, ఆవిడ మెడలు వంచే అల్లుడు. ఈ వరసలో తర్వాత ఎన్ని సినిమాలొచ్చాయో! చప్పట్లు కొట్టినవాళ్లలో మేమూ ఉన్నాం లెండి. 2013లో ‘అత్తారింటికి దారేది’కి వచ్చేసరికి మేనల్లుడే రైల్వే స్టేషన్‌లో నదియా ముందు కన్నీళ్లు పెట్టుకున్నాడు. కాస్త నయమే గానీ, కథ మాత్రం అతనిదే.

మగవాళ్లకి ఈ లెక్కలు లేవు. 1991లో ‘కూలీ నెం.1’లో వెంకటేశ్ పక్కన హీరోయిన్‌గా వేసిన టబు, 2020లో ‘అల వైకుంఠపురములో’ అల్లు అర్జున్‌కి అమ్మ. వెంకటేశ్ ఇంకా హీరోయే.

నవ్వితే నవ్వండి, ఈ విషయంలో సీరియళ్లే కొంత మేలు. రోజూ టీవీ ముందు కూర్చునేది మేమే కదా, మాలాంటివాళ్లని చూపించక వాళ్లకి తప్పదు. 2020లో మొదలైన ‘ఇంటింటి గృహలక్ష్మి’లో తులసి ముగ్గురు ఎదిగిన పిల్లల తల్లి. మొగుడు ఇంకొకామె వెంట పడితే ఏడ్చి ఏడ్చి, ఆఖరికి విడాకులిచ్చి తన కాళ్లమీద నిలబడుతుంది. సాగదీత భరించలేం, అది ఒప్పుకుంటాను. అయినా అన్ని ఎపిసోడ్ల కథా ఆవిడ చుట్టూనే తిరిగింది.

‘ఓ బేబీ’ మీకు ఇష్టమని తెలుసు, నాకూ నచ్చింది. కానీ 70 ఏళ్ల బామ్మకీ కోరికలుంటాయని చెప్పడానికి ఆవిణ్ణి పడుచుపిల్లని చేసి, లక్ష్మిని పక్కనపెట్టి సమంతని తేవాల్సొచ్చింది చూశారా?

అందుకే 2018లో వచ్చిన ‘కేరాఫ్ కంచరపాలెం’ చూడమంటాను. దర్శకుడు వెంకటేశ్ మహా విశాఖలోని ఆ పేటలోనే, చాలావరకు అక్కడివాళ్లతోనే తీశాడు. రాధ ఆఫీసరు, 42 ఏళ్లు, భర్త పోయాడు, ఎదిగిన కూతురుంది. అటెండరు రాజుకి 49, పెళ్లి కాలేదు. ఆవిడ పెళ్లి మాటెత్తితే ఇంట్లో గొడవ. కూతురు మాత్రం తల్లి పక్షం. రాధని ఎవరూ పడుచుపిల్లని చెయ్యలేదు, మెడలూ వంచలేదు. “ఈ వయసులో ఇదేం పెళ్లి” అని సణిగిన మీ తాతయ్య, సినిమా అయ్యేదాకా కుర్చీలోంచి లేవలేదు.

ఇట్లు,
మీ అమ్మమ్మ