చుట్టల బల్ల నుంచి శాసనసభ దాకా: విస్కాన్సిన్ పరిహార చట్టం వెనక కథ

1911కు ముందు అమెరికాలోని విస్కాన్సిన్‌లో యంత్రం కింద పడి చెయ్యి పోగొట్టుకున్న కార్మికుడు కోర్టుకెక్కాల్సిందే. అక్కడ యజమాని లాయరు దగ్గర మూడు వాదనలు తయారుగా ఉండేవి. తప్పు తోటి కార్మికుడిది, ప్రమాదమని తెలిసే పనిలో చేరాడు, అతని అజాగ్రత్త కూడా కొంత ఉంది. మూడింట్లో ఏ ఒక్కటి నిలబడినా దావా పోయినట్టే.

దీన్ని మార్చి, దావా లేకుండానే పరిహారం అందే చట్టం తేవాలని 1905లోనే శాసనసభలో పట్టుబట్టినవాడు ఫ్రెడరిక్ బ్రాక్‌హాసెన్. ఆ రాష్ట్రంలోని మిల్వాకీ నగరంలో చుట్టలు చుట్టే కార్మికుడు, రాష్ట్ర కార్మిక సమాఖ్య కార్యదర్శి-కోశాధికారి. 1904 ఎన్నికల్లో సోషల్ డెమోక్రటిక్ పార్టీ తరఫున గెలిచి రాష్ట్ర రాజధాని మాడిసన్ వెళ్లాడు.

చుట్ట పని చేతి లాఘవం మీదే నడుస్తుంది. లోపలి ఆకును గుప్పిట్లో పట్టి, లోపట్టు ఆకుతో బిగించి, అచ్చులో నొక్కి, ఆఖరున పైఆకును ఏటవాలుగా చుట్టి కొసకు జిగురు పెట్టాలి. గట్టిగా బిగిస్తే పొగ లాగదు, వదులైతే ఒకవైపే కాలుతుంది. కూలి వెయ్యి చుట్టలకు ఇంత అని. చేతులు పనిలో ఉన్నా చెవులు ఖాళీయే కాబట్టి ఎవరో ఒకరు పత్రిక చదువుతుంటే మిగతావాళ్లు వినే అలవాటు ఆ పనిగదుల్లో ఉండేది. రాజకీయాలు అక్కడే ఒంటబట్టేవి. అంతకంటే ముఖ్యం, చుట్టల కార్మికుల అంతర్జాతీయ సంఘం 1880ల మొదట్లోనే చందాల సొమ్ముతో జబ్బు భత్యం, మరణ భత్యం ఇస్తోంది. పరిహారమంటే వాళ్లకు పుస్తకంలో మాట కాదు, ఖాతాలో పద్దు.

మిల్వాకీ జర్మన్ వలసదారుల ఊరు. జర్మనీ 1884లోనే ప్రమాద బీమా పెట్టిన సంగతి అక్కడ చాలామందికి తెలుసు. అయినా చట్టం రావడానికి ఆరేళ్లు పట్టింది. 1910 ఎన్నికల్లో సోషలిస్టుల బలం పెరిగిందన్నది నిజమే. కాకపోతే దావాల ఖర్చుతో విసిగిన యజమానులు కూడా ఒప్పుకోబట్టే బిల్లు గట్టెక్కిందని నా అంచనా.

గండం ఇంకొకటి ఉంది. యజమానులు పరిహారం ఇచ్చి తీరాలన్న న్యూయార్క్ చట్టాన్ని అక్కడి అత్యున్నత కోర్టు 1911 మార్చి 24న కొట్టేసింది. విస్కాన్సిన్ చట్టం ఆ గుంటలో పడలేదు. పరిహార పద్ధతిలో చేరడం యజమాని ఇష్టమే అంది. చేరకపోతే మాత్రం పై మూడింట్లో మొదటి రెండు వాదనలు చేజారతాయి. చేరితే, తప్పెవరిదైనా సరే, గాయపడినవాడికి వారపు వేతనంలో 65 శాతం ఇవ్వాలి. మే 3న గవర్నర్ మెక్‌గవర్న్ సంతకం పెట్టాడు. ఫాల్క్ కంపెనీ కేసులో రాష్ట్ర సుప్రీంకోర్టు అదే ఏడాది చట్టాన్ని నిలబెట్టింది.

అందులో ఒక లోటు మిగిలిపోయింది. చుట్టల పనిగదిలో వేళ్లు తెగడం తక్కువ, ఊపిరితిత్తులు పాడవడం ఎక్కువ. ఆకు ఎండి విరగకూడదని కిటికీలు మూసేవారు, ధూళి లోపలే తిరిగేది. 1911 చట్టం ప్రమాదాలకే పరిమితం. వృత్తి వ్యాధులు అందులో చేరింది 1919లో.