డిజిటల్ చేయించాం కదా, క్యాసెట్ ఎందుకు? – కొన్ని అపోహలు, వాస్తవాలు

ఇళ్లలో మిగిలిన పాత వీడియోలతో ప్రయోగాత్మక సినిమాలు తీయడం నా పని. జ్ఞాపకం, మనమెవరం అన్న ప్రశ్న, వీటి చుట్టూనే తిరుగుతుంటాను. 'మా అమ్మ మీద చిన్న సినిమా చేయాలి' అంటూ వచ్చేవాళ్ల చేతిలో తరచూ ఒక పెన్‌డ్రైవ్ ఉంటుంది. క్యాసెట్ ఏదండీ అంటే, పాత సామాన్లవాడికి వేసేశామంటారు.

అపోహ: డిజిటల్ చేయిస్తే క్యాసెట్‌తో పని లేదు.

వాస్తవం: ఉంది, చాలా ఉంది. పెన్‌డ్రైవ్‌లో ఉన్నది ఆ రోజు ఆ షాపులోని వీసీఆర్ (వీడియో క్యాసెట్లు ఆడించే మెషీన్) చదవగలిగినంతే. అందులోనూ సైజు కోసం బాగా కంప్రెస్ చేస్తారు, 'వేస్ట్' అనిపించింది కోసేస్తారు. నాకు కావలసింది ఆ వేస్టే. మండపం మీద దంపతులు కాదు, బంతిలో వడ్డిస్తూ కెమెరా చూసి మొహం తిప్పుకున్న మేనత్త.

ఇంకోటి. ఇళ్లలో ఎక్కువగా కనిపించే వీహెచ్ఎస్ రకం క్యాసెట్ 'హై-ఫై' (మెరుగైన శబ్దం) పద్ధతిలో రికార్డయి ఉంటే, దాని టేపులో శబ్దం రెండు చోట్ల ఉంటుంది: అంచున మామూలు ట్రాక్, బొమ్మ కింది పొరలో హై-ఫై ట్రాక్. ఆ టేపు మీదే ఆడియో డబ్ చేసి, అంటే బొమ్మ అలాగే ఉంచి శబ్దం మాత్రం మార్చి, సినిమా పాటలు ఎక్కిస్తే చెరిగేది అంచుదే. ఒకావిడ తెచ్చిన అన్నప్రాశన క్యాసెట్ నిండా పాటలే. వీసీఆర్‌లో ఆడియోని 'నార్మల్' నుంచి 'హై-ఫై'కి మార్చాను. పాట పోయి, "చెంచా కాదురా, ఉంగరం తే" అని ఓ పెద్దావిడ కేక వినబడింది. "మా నానమ్మ!" అందావిడ. ఆ తర్వాత గంటసేపు మేం ఏ పనీ చేయలేదు. అన్ని టేపులకీ ఈ అదృష్టం ఉండదు. మిక్సర్‌లో పాటలు కలిపి తీసిన కాపీ అయితే పాత గొంతులు రావు. కానీ టేపే లేకపోతే చూసే అవకాశం కూడా ఉండదు కదా!

పైగా సినిమా ఆలోచన ఏళ్ల తర్వాత ఎప్పుడో రావచ్చు, అప్పటిదాకా అసలు టేపు ఉండాలి. లిథువేనియా నుంచి శరణార్థిగా 1949లో న్యూయార్క్ చేరిన ప్రయోగాత్మక దర్శకుడు జోనాస్ మెకాస్ అప్పు చేసి బోలెక్స్ అనే ఫిల్మ్ కెమెరా కొన్నాడు. ఆ తొలి ఏళ్ల రీళ్లు 'లాస్ట్, లాస్ట్, లాస్ట్' సినిమాగా వచ్చింది 1976లో.

అపోహ: ఏఐతో క్లియర్ చేయిస్తే అసలు మొహం తేలుతుంది.

వాస్తవం: టేపులో లేని వివరాన్ని అది ఊహించి పూస్తుంది. నున్నగా ఉంటుంది, మీ తాతయ్య మాత్రం కాదు. సరదాకి చూసుకోండి, దాన్నే అసలని దాచుకోకండి.

అపోహ: మా ఇంట్లో వీడియోలే లేవు, సినిమా కుదరదు.

కుదురుతుంది. అమెరికా ప్రయోగాత్మక దర్శకుడు హోలిస్ ఫ్రాంప్టన్ 1971లో పాత ఫొటోలను ఒక్కొక్కటే హాట్‌ప్లేట్ మీద కాలుస్తూ సినిమా తీశాడు. ఒకటి కాలుతుంటే వినిపించేది తర్వాతి ఫొటో కథ.

అపోహ: బూజు పట్టింది, ఇక అంతే.

టెన్షన్ పడకండి, చాలావరకు శుభ్రం చేయించవచ్చు. అంతవరకు వీసీఆర్‌లో పెట్టొద్దు. బూజు మెషీన్‌లో టేపును చదివే భాగానికి (హెడ్‌కి) అంటి వేరే క్యాసెట్లకీ పాకుతుంది. అలాగని ఏళ్లు వాయిదా వేయకండి. వీసీఆర్ల తయారీ 2016లో జపాన్ కంపెనీ ఫునాయ్‌తో ఆగిపోయింది, ఉన్న మెషీన్లు తగ్గుతున్నాయి. షాపులో ఇచ్చేటప్పుడు గట్టిగా చెప్పండి: ఏదీ కోయొద్దు, పాటలు కలపొద్దు, హై-ఫై ఉంటే రెండు ఆడియోలూ విడివిడిగా ఇవ్వాలి, క్యాసెట్ తిరిగి ఇచ్చేయాలి.