టీవీ సిగ్నల్‌లో వచ్చిన ప్రోగ్రాములు

1982 జనవరిలో బ్రిటన్‌లోని బీబీసీ టూ ఛానెల్‌లో ‘ది కంప్యూటర్ ప్రోగ్రామ్’ అనే 10 భాగాల కార్యక్రమం మొదలైంది. అందులో ఇయాన్ మెక్‌నాట్-డేవిస్ కంప్యూటర్లు తెలిసిన మనిషి. క్రిస్ సెర్ల్‌కు అవి కొత్త. ఇంట్లో కూర్చుని చూసేవాళ్లకు వచ్చే అనుమానాలే సెర్ల్ అడిగేవాడు. ఏమీ తెలియని మనిషికి తెర మీద అంత చోటివ్వడం ఎంతో మంచి ఆలోచన.

అంతకు నాలుగేళ్ల ముందు ఇదే బీబీసీ మైక్రోచిప్‌ల మీద ఒక డాక్యుమెంటరీ ప్రసారం చేసింది. ఈ చిప్‌లు వస్తే ఉద్యోగాలు ఏమైపోతాయోనన్న టెన్షన్ దేశమంతా పాకింది. ఆ భయం పోవాలంటే కంప్యూటర్‌ని చూపిస్తే చాలదు, జనం చేతికివ్వాలి. అందుకే బీబీసీ తన పేరుతోనే ఒక కంప్యూటర్ తయారు చేయించింది. కేంబ్రిడ్జ్‌లోని ఏకార్న్ కంపెనీలో సోఫీ విల్సన్, స్టీవ్ ఫర్బర్ బృందం దాని నమూనాను వారం తిరగకుండానే నిలబెట్టింది. అదే బీబీసీ మైక్రో. దాని మోడల్ బీ రకంలో ఉన్న మెమరీ 32 కిలోబైట్లు. ఇప్పుడు ఫోన్‌తో తీసే ఒక్క ఫొటో కూడా అందులో పట్టదు. 12 వేలు అమ్ముడుపోతే గొప్ప అనుకున్నారు, చివరికి 10 లక్షలు దాటాయి.

నన్ను ఎక్కువగా ఆకట్టుకునేది మాత్రం 1983లో మొదలైన టెలిసాఫ్ట్‌వేర్, అంటే టీవీ సిగ్నల్‌లో కంప్యూటర్ ప్రోగ్రాములు పంపే సేవ. అప్పటి టీవీ బొమ్మకు 625 గీతలు. తెర మీద ఆ గీతలు గీసే ఎలక్ట్రాన్ పుంజం తెర అడుగుదాకా వచ్చి మళ్లీ పైకి వెళ్లే వ్యవధిలో కొన్ని గీతలు బొమ్మ లేకుండా ఖాళీగా పోయేవి. బీబీసీ తన సీఫ్యాక్స్ సేవతో వార్తలు, వాతావరణం అక్షరాల రూపంలో పంపేది ఆ ఖాళీలోనే. వాటితో పాటు కంప్యూటర్ ప్రోగ్రాములూ పంపడం మొదలుపెట్టారు. బీబీసీ మైక్రోకి ఒక అడాప్టర్, దానికి టీవీ యాంటెన్నా తగిలిస్తే ప్రోగ్రాం నేరుగా మెమరీలోకి దిగేది.

ఇందులో చిక్కు ఒకటుంది. వార్తలో ఒక అక్షరం ఎగిరిపోతే మనం ఊహించి చదువుకుంటాం. ప్రోగ్రాంలో ఒక్క అక్షరం తప్పు పడితే మొత్తం ఆగిపోవచ్చు. అందుకని పంపే సమాచారాన్ని ముక్కలు చేసి, ప్రతి ముక్కకూ సరిచూసుకోవడానికి లెక్కగట్టిన ఒక సంఖ్య జోడించేవాళ్లు. అందుకున్న కంప్యూటర్ తానూ అదే లెక్క వేసుకునేది. రెండూ కలవకపోతే ఆ ముక్క పాడైనట్టే. పేజీలు వంతులవారీగా తిరిగి తిరిగి ప్రసారమవుతుండేవి కాబట్టి మళ్లీ వంతు వచ్చేదాకా కాచుకోవడమే.

మన దేశంలో 1984లో ‘క్లాస్’ పథకం కింద బడులకు ఇచ్చిన కంప్యూటర్లు ఈ బీబీసీ మైక్రోలే. సీఫ్యాక్స్ సిగ్నల్ మాత్రం ఇక్కడిదాకా వచ్చేది కాదు. టీవీ నుంచి ప్రోగ్రాం దించుకునే ఆ ముచ్చట మన పిల్లలకు దక్కలేదు.