సమరయోధుల పింఛను: అపోహలు, వాస్తవాలు

స్వాతంత్ర్య సమరయోధుల పింఛను కేసులు చూసే నాలాంటి వకీలు దగ్గరికి ఇప్పుడు సమరయోధులు రావడం అరుదు. వాళ్ల భార్యలు, పెళ్లికాని కూతుళ్లు వస్తారు. వాళ్లతోపాటు కొన్ని గట్టి నమ్మకాలూ వస్తాయి.

అపోహ: తామ్రపత్రం (సమరయోధులకు ప్రభుత్వం గౌరవంగా ఇచ్చిన రాగిరేకు) ఉంది, రాష్ట్ర పింఛనూ వచ్చింది. కేంద్రం ఇవ్వక తప్పదు.

తప్పుతుంది. 1972 ఆగస్టు 15న మొదలైన కేంద్ర పథకం 1980లో స్వతంత్రతా సైనిక్ సమ్మాన్ పేరు పెట్టుకుంది. దాని షరతులు దానివి. మామూలుగా ఆరు నెలల జైలు (మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు మూడు నెలలు), లేదా తలకు వెల కట్టినప్పుడో వారంటు ఉన్నప్పుడో ఆరు నెలలు దాటిన అజ్ఞాతవాసం, ఇంకా కొన్ని. తామ్రపత్రం గౌరవమే కానీ జైలు సర్టిఫికెట్‌కు బదులు కాదు.

అపోహ: జైలు రికార్డు దొరకలేదంటే కేసు లేనట్టే.

ఎక్కువమంది ఆగిపోయేది ఇక్కడే. అసలు ఎక్కడ వెతికారు? ఆంధ్ర ప్రాంతంలో పట్టుబడినవాళ్లందరూ రాజమండ్రి జైల్లోనే లేరు. బళ్లారి అలీపురం, వేలూరు, తిరుచిరాపల్లి, కన్ననూరు జైళ్లకూ పంపారు. అప్పుడంతా మద్రాసు ప్రెసిడెన్సీ. ఇప్పుడా ఊళ్లు మూడు రాష్ట్రాల్లో ఉన్నాయి. "మా జిల్లాలో రికార్డు లేదు" అని కలెక్టరేట్ ఇచ్చే కాగితంతో వెతుకులాట పూర్తయినట్టు కాదు.

అక్కడా దొరకకపోతే, రికార్డు లేదని రాష్ట్ర ప్రభుత్వం నుంచి ధ్రువపత్రం తీసుకోవాలి. దానికి తోడు, జైలుకెళ్లినట్టు తమకే రుజువున్న సహఖైదీల సర్టిఫికెట్లు పెట్టాలి. అలాంటిది చేతికొస్తే ముందు నేను తేదీలు చూస్తాను. ఇచ్చినాయన మే నెలలో విడుదలై, మనవాడు జూన్‌లో లోపలికి వెళ్లి ఉంటే ఆ కాగితం మనకే ఎదురు తిరుగుతుంది. ఒకే నమూనా టైపు చేయించి, పేర్లు మాత్రం చేత్తో నింపినవి చూస్తే నాకు మరీ టెన్షన్.

అపోహ: క్రిమినల్ కేసులోలా సందేహానికి తావు లేకుండా రుజువు చేయాలి.

అక్కర్లేదు. గురుదయాల్ సింగ్ కేసులో 2001లో సుప్రీంకోర్టు చెప్పింది ఇదే: జరిగి ఉండటానికి ఎక్కువ అవకాశం ఉందా లేదా అన్నదే చూడాలి. ఆ మేరకు ఆధారం ఉంటే, కాదనడానికి గట్టి సాక్ష్యం చూపాల్సింది ప్రభుత్వం. అలాగని పథకం అడిగిన కాగితాలు అసలే లేకుండా రిట్ (ప్రభుత్వ నిర్ణయం మీద హైకోర్టులో వేసే పిటిషన్) వేస్తే నిలబడదు.

అపోహ: గడువు దాటిన దరఖాస్తు చెల్లదు.

ముకుంద్ లాల్ భండారి కేసు (1993) మన గడ్డతో ముడిపడినది. నిజాం రాజ్యంలో ఆర్యసమాజ్ ఉద్యమంలో పాల్గొన్నవాళ్లు వేసిన కేసు అది. ఆలస్యమైందన్న ఒక్క కారణంతో తోసిపుచ్చవద్దని, రుజువు తర్వాత వచ్చినా దరఖాస్తు అందిన తేదీ నుంచే పింఛను ఇవ్వాలని కోర్టు చెప్పింది. అందుకే పాత అక్నాలెడ్జ్‌మెంట్ చీటీ పారేయకండి. అయితే రుజువు పూర్తిగా తేలకపోయినా సందేహలాభం కింద మంజూరు చేసినచోట ఉత్తర్వు తేదీ నుంచే అని తర్వాతి తీర్పులున్నాయి. బకాయిల లెక్క వేసుకునే ముందు ఇది గుర్తుంచుకోవాలి.

అపోహ: తిరస్కరణ వచ్చిందంటే అంతే సంగతులు.

ఆ ఉత్తర్వు ఒకసారి చదవండి. "నిబంధనల ప్రకారం అర్హత లేనందున తిరస్కరించడమైనది." చాలాసార్లు ఇంతే ఉంటుంది. ఏ నిబంధన, ఏ కాగితంలో లోపం, రాష్ట్రం సిఫారసు చేస్తే దాన్ని ఎందుకు కాదన్నారు? ఇవేవీ ఉండవు. నిజాం వ్యతిరేక పోరాటంలో నిజాం రాజ్యం బయట పెట్టిన సరిహద్దు శిబిరాల నుంచి పనిచేసినవాళ్ల దరఖాస్తులైతే ఈ చిక్కు మరీ ఎక్కువ. వాటిని చూడటానికి కమ్యూనిస్టు నాయకుడు చండ్ర రాజేశ్వరరావు అధ్యక్షతన స్క్రీనింగ్ కమిటీ వేశారు. కమిటీ సిఫారసు చేసిన ఫైలును కాదనాలంటే కారణం రాయాలిగా!

కారణం లేని ఉత్తర్వును కోర్టు కొట్టేసి, మళ్లీ పరిశీలించమని వెనక్కి పంపుతుంది. గెలుపంటే చాలావరకు అదే. పింఛను నేరుగా ఇప్పించడం తక్కువ, ఈ మాట క్లయింట్లకు ముందే చెప్పాలి. రిట్‌కు ముందు ఆర్టీఐ కింద నోట్ ఫైలు (అధికారులు ఆ దరఖాస్తు మీద రాసుకున్న అభిప్రాయాల ఫైలు) అడగండి. అసలు కారణం తరచుగా అందులోనే దొరుకుతుంది.

అపోహ: నకిలీ అని ఫిర్యాదు వస్తే వెంటనే ఆపేయొచ్చు.

నకిలీలు ఉన్నమాట నిజం. మహారాష్ట్ర బీడ్ జిల్లాలో నకిలీ సమరయోధుల పింఛన్ల వ్యవహారం సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. మోసం తేలితే పింఛను పోవాల్సిందే. కానీ తేలాలి కదా. ఆరోపణేమిటో నోటీసులో చెప్పాలి, దేని ఆధారంగా అంటున్నారో ఆ కాపీ ఇవ్వాలి, జవాబుకు సమయం ఇవ్వాలి. కాపీ ఇవ్వకుండా నోటీసు పంపితే ముందు కాపీ కావాలని రాతపూర్వకంగా అడిగి రసీదు తీసుకోండి. ఆ రసీదును రిట్‌కు జతచేయాలి.