పేరు ముందు చిత్తూరు: నాగయ్య కథ

చిత్తూరు నాగయ్య పుట్టింది చిత్తూరులో కాదు, గుంటూరు జిల్లా రేపల్లెలో, 1904 మార్చి 28న. ఇంటిపేరు ఉప్పలదడియం. అయినా ఆయన్ని రేపల్లె నాగయ్య అని ఎవరూ అనరు. చిత్తూరులో నాటకాలకీ సభలకీ వేదికగా ఉన్న కళాక్షేత్రానికి ఆయన పేరే పెట్టుకున్నారు.

ఆయన్ని తనవాడనుకునే ఈ హక్కు చిత్తూరుకి ఊరికే వచ్చింది కాదు. నాగయ్య చిన్నప్పుడే ఆ కుటుంబం కుప్పం చేరింది. చదువుకి తిరుపతి దేవస్థానం స్కాలర్‌షిప్ అక్కరకొచ్చింది. తర్వాత గుమాస్తా ఉద్యోగం చేశాడు, కొన్నాళ్లు పత్రికలో పనిచేశాడు. ఆయన్ని ఆయన్నిగా చేసింది మాత్రం చిత్తూరులోని రామవిలాస సభ అనే నాటక సంఘం. అక్కడ 'సారంగధర' నాటకంలో చిత్రాంగి వేషం వేసేవాడు. ఆడవేషాలు మగవాళ్లే కట్టే కాలం అది. ముందు గొంతు ఉందా లేదా అని చూసేవాళ్లు, నటన సంగతి ఆ తర్వాత. హార్మోనియం శ్రుతిలో పద్యం ఎత్తుకుని, చివర రాగం ఎంతసేపు లాగితే అన్ని 'వన్స్ మోర్'లు.

ఈ నేల ఇచ్చింది ఇంకొకటి ఉంది, దాన్ని జనం పెద్దగా పట్టించుకోరు. 1911లో చిత్తూరు జిల్లా ఏర్పడేదాకా ఇక్కడ చాలా భాగం ఉత్తర ఆర్కాటు జిల్లా కిందే ఉండేది. చిత్తూరు బజారులో తెలుగూ తమిళమూ కలిసే నడుస్తాయి, కుప్పంలో వాటికి కన్నడం కూడా తోడు. మద్రాసు పొద్దున బయల్దేరితే చేరగలిగే దూరం. అందుకే నాగయ్యకి తమిళ సినిమా పరాయిది కాలేదు. 1941లో 'అశోక్ కుమార్'లో అశోక చక్రవర్తిగా, 1945లో ఎం.ఎస్. సుబ్బులక్ష్మి 'మీరా'లో రాణాగా, 1948లో జెమినీ వాళ్ల 'చక్రధారి'లో కథానాయకుడిగా కనిపించాడు.

తెలుగులో మొదటి సినిమా 1938లో వచ్చిన హెచ్.ఎం. రెడ్డి 'గృహలక్ష్మి'. ఆ మరుసటి ఏడాదే బి.ఎన్. రెడ్డి వాహినీ పేరుతో తీసిన 'వందేమాతరం'లో హీరో ఆయనే, సంగీత దర్శకుడూ ఆయనే. 1940లో 'సుమంగళి'లో ముసలి సంఘసంస్కర్త వేషం. అప్పటికి ఆయన వయసు ముప్ఫై ఆరు. నలభై ఏళ్ల లోపే తెల్లజుట్టు పెట్టుకుని మెప్పించిన మనిషి తర్వాత పోతన (1943), త్యాగయ్య (1946), వేమన (1947) అయ్యాడంటే వింతేం లేదు. వీటిలో 'త్యాగయ్య'కి నిర్మాత, దర్శకుడు, సంగీత దర్శకుడు, నటుడు, గాయకుడు అన్నీ తనే.

నాకు ఈ భక్త పాత్రల కంటే వాటిలోని పద్యమే ముఖ్యంగా తోస్తుంది. స్టేజీ మీద మైకు లేని రోజుల్లో చివరి వరసకి వినపడాలంటే గొంతు చించుకోవాల్సిందే. సినిమాలో ఆ అవసరం లేదని తొందరగా పసిగట్టిన కొద్దిమందిలో నాగయ్య ఒకడు. 'భక్త పోతన'లో పద్యాలు వినండి. రాగం లాగడం లేదు, గమకాల ఆర్భాటం లేదు, మాట ఎక్కడ విరగాలో అక్కడే విరుగుతుంది. చదువుతున్నాడా పాడుతున్నాడా అనిపించే ఆ మధ్య స్థాయిని పట్టడం తేలిక కాదు. చిత్రాంగిగా 'వన్స్ మోర్'లు రుచి చూసినవాడు దాన్ని వదులుకోవడం అంతకన్నా కష్టం.

ఆ తర్వాత ఈ పద్ధతిని అందరికన్నా బాగా అందిపుచ్చుకున్నది ఘంటసాల. సినిమాలో ఆయన తొలి పాటల్లో ఒకటి నాగయ్య హీరోగా, నాగయ్య సంగీతంతో బి.ఎన్. రెడ్డి తీసిన 'స్వర్గసీమ'లోనే. పక్కన పాడింది భానుమతి. అప్పటికే పేరున్న భానుమతి పక్కన మైకు ముందు నిలబడాలంటే కొత్త కుర్రాడికి ఎంత టెన్షనో ఊహించుకోవచ్చు.

భానుమతి ప్రస్తావన లేకుండా ఈ కథ నడవదు. నటన, గానం, దర్శకత్వం మూడూ చేతిలో పెట్టుకున్న వాళ్లలో నాగయ్య తర్వాత వరసలో నిలిచేది ఆమే. ఇద్దరి దారులూ 1953లో పక్కపక్కనే నడిచాయి. నాగయ్య దర్శకత్వంలో 'నా ఇల్లు' వచ్చింది. భానుమతి తొలిసారి దర్శకత్వం వహించిన 'చండీరాణి' తెలుగు, తమిళం, హిందీ మూడు భాషల్లో వచ్చింది. 1957లో 'సారంగధర' సినిమాగా తీసినప్పుడు చిత్రాంగి భానుమతే.

అయితే భానుమతికి భర్త రామకృష్ణారావుతో కలిసి నిలబెట్టుకున్న భరణీ సంస్థ ఉంది, సొంత స్టూడియో ఉంది. తన పాట తనే పాడుతానని పట్టుబట్టగల స్థానం అది. నాగయ్యకి అలాంటి కోట లేదు. సొంత సంస్థతో సినిమాలు తీశాడు, చేయి చాచినవాళ్లకి పెట్టాడు, డబ్బు నిలవలేదు. ఈలోగా ప్లేబ్యాక్ వచ్చింది. నటుడు పాడనక్కర్లేదు, పాడేవాడు కనపడనక్కర్లేదు. మొదటి తరం గాయక నటులకి అది పెద్ద దెబ్బ. 1963లో 'లవకుశ'లో నాగయ్య వాల్మీకి. సీతను ఓదార్చే పాటకి పెదవులు ఆయనవి, గొంతు ఘంటసాలది.

ఆ మరుసటి ఏడాది వచ్చిన 'భక్త రామదాసు' దర్శకుడిగా ఆయన చేసిన పెద్ద ప్రయత్నం. రామదాసు వేషమూ తనే వేశాడు. 1965లో పద్మశ్రీ వచ్చింది. అప్పటికి తండ్రి, తాత, సాధువు పాత్రలే దిక్కు. 1973 డిసెంబరు 30న మద్రాసులో పోయాడు.

నాగయ్య గురించి చెప్పమంటే మావైపు ఎక్కువగా వినపడేది ఆయన దానగుణం, చివరి రోజుల ఇబ్బందులు. త్యాగయ్య వేషం వేసినవాడు నిజంగానే త్యాగి అయ్యాడు అనేస్తే కథ కుదిరిపోతుంది. అది అబద్ధం కాదుగానీ దానివల్ల నష్టం జరిగింది. బాణీలు కట్టినవాడు, కెమెరా వెనక నిలబడినవాడు వెనక్కి పోయి పుణ్యాత్ముడొక్కడే మిగిలాడు. సన్మాన సభల్లో కూడా ఆయన కట్టిన ఒక బాణీని విప్పి చూపించేవాళ్లు అరుదు.

పద్యం విషయంలో మాత్రం మా జిల్లా ఆయన మాట వినలేదు. వేసవిలో పల్లెల్లో మహాభారత యజ్ఞం జరిగినన్నాళ్లూ పగలు హరికథ, రాత్రి వీధినాటకం. అక్కడ అర్జునుడు పద్యం ఎత్తుకున్నాడంటే రాగం లాగాల్సిందే, తెల్లారేదాకా కూర్చున్న జనం దానికోసమే కూర్చుంటారు. మైకు వచ్చి ఎన్నో ఏళ్లయినా గొంతు మాత్రం ఇప్పటికీ చివరి వరసకే.